పెదనాయన గీకేసిన పెయింటు

మా పెదనాయన పోయారన్న కబురు దోహాలోని మెసైమీర్‌లో ఒక పేషెంటు ఇంటి ముందు నేను కారు ఆపుతుండగా వచ్చింది. ఊరి నుంచి అమ్మ ఫోను. "పొద్దున టీ తాగి కుర్చీలో కూచున్నాడు మ్మే. కూచున్నోడు కూచున్నట్టే పోయినాడు" అంది.

ఆయన్ను తలుచుకుంటే నాకు ఏడుపు కన్నా ముందు ఉత్సాహం వస్తుంది. తప్పో ఒప్పో తెలియదు. మీతో చెప్పాలనుకున్నది ఆ ఉత్సాహం గురించే.

పెదనాయన కూడా ఈ దోహాలోనే ఇరవై ఏళ్ళకు పైగా డెంటింగ్ పని చేసి, ఆఖరికి ఊరికి వెళ్ళిపోయారు. గుద్దుకుని నలిగిన బండ్లను సుత్తితో, వెల్డింగుతో మళ్ళీ నిలబెట్టేవారు. నజ్మాలో ఆరుగురితో కలిసి ఒక గదిలో ఉండేవారు. చదువు రాదు. మా ఇంట్లో బడికి వెళ్ళిన మొదటిదాన్ని నేనే. ఫిజియోథెరపీ చదివి ఇక్కడికొచ్చిన రోజు ఎయిర్‌పోర్టులో పెట్టె నాకే వదిలేసి, నా సర్టిఫికెట్ల ఫైలు మాత్రం ఆయన మోశారు.

రేకు మీద సుత్తి వేసే ముందు వేలితో తట్టి వినేవారు. భోజనం దగ్గరా అంతే. పళ్ళెం తట్టి చూసి, "సొట్ట పడింది, ఇట్లియ్యి" అని పట్టుకుపోయేవారు. "తొందరపడి కొట్టిన ఒక్క దెబ్బకు నిదానంగా పది కొట్టాల పాపా" అనేవారు.

పేషెంట్ల ఇళ్ళకు వెళ్ళి వ్యాయామాలు చేయించే ఉద్యోగం నాకు ఒక్క షరతు మీద వచ్చింది. ఆదివారం డ్యూటీలో చేరేటప్పుడు నా పేరు మీద ఒక కారు, దాని ఇస్తిమారా, అంటే రిజిస్ట్రేషన్ కార్డు, చూపించాలి. లేకపోతే ఆ ఉద్యోగం ఇంకొకరిది. మంచి కారు కొనే స్తోమత లేదు. ముందు భాగమంతా నలిగి, రిజిస్ట్రేషన్ రద్దయిన ఒక తెల్ల కారును పెదనాయన తుక్కు యార్డులో వెతికి పట్టుకున్నారు. రెండు నెలల శుక్రవారాలు దానికే పెట్టారు.

తనిఖీలో పాసయితేనే దానికి మళ్ళీ ఇస్తిమారా. ఆదివారానికి ముందు గురువారం పొద్దున రికవరీ లారీ మీద ఎక్కించి తీసుకెళ్ళాం. ఫారం నింపుతూ, "దెబ్బలు కొంచెం తగ్గించి రాయనా పెదనాయనా?" అన్నాను.

"అన్నీ రాయి. ఛాసిస్ అతికించింది గూడా రాయి. ఇనుమే అబద్ధం చెప్పదు, మనమెందుకు చెప్పాల?"

తనిఖీ అధికారి ఫారం చదివి, టార్చి వేసి కారు కిందంతా వెతికాడు. బయటికొచ్చి తల అడ్డంగా ఊపాడు. "వెల్డింగ్ కహాఁ హై? మాఫీ!" మాఫీ అంటే అరబ్బీలో లేదని. కాగితంలో ఉన్న అతుకు బండిలో లేదంటాడు.

"హై సార్, అందర్ హై" అన్నారు పెదనాయన గర్వంగా.

అతుకు మీద పుట్టీ పూసి, చదును చేసి, పైన పెయింటు కొట్టేశారాయన. దెబ్బ తగిలిన గుర్తు కనపడకూడదన్నదే గ్యారేజీలో ఇరవై ఏళ్ళుగా విన్న మాట. బాగుచేసిన బండి గేటు దాటాక ఎక్కడికి పోతుందో ఆయన ఎన్నడూ చూడలేదు. అధికారి మాత్రం అతుకు గట్టిదో కాదో కంటితో చూడందే సంతకం పెట్టనన్నాడు. పన్నెండులోపు పెయింటు తీసి తెండి, లేకపోతే శుక్ర, శని సెలవులయ్యాక ఆదివారం రండి అన్నాడు. ఆదివారమంటే నా ఉద్యోగం పోయినట్టే.

పెదనాయన ముఖం వాడిపోయింది. "పని బాగలేదని తిప్పి పంపినోళ్ళను సూసినా. బాగుందని తిప్పి పంపేది ఇదే మొదలు మ్మే."

అప్పటికి పదిన్నర. గేటు బయట లారీ నీడలో కారుకు జాకీ పెట్టి, ముందు చక్రం విప్పి, గీకడం మొదలుపెట్టారు. రికవరీ డ్రైవరు తెలంగాణ మనిషి. ఆయనకు నవ్వాగలేదు. "ఏందన్నా, గింత మంచిగ పెయింటేసి గీకుతున్నవ్? దిమాక్ ఖరాబైందా?"

"నీ జోకులు తరవాత. ఆ సాండ్ పేపర్ ఇట్లియ్యి సామీ."

నేనూ పక్కన కూర్చుని గీకాను. బట్టల నిండా తెల్లపొడి. "మెల్లగ మ్మే, పేషెంటు కాలనుకో" అన్నారు. పుట్టీ పెళ్ళలు పెళ్ళలుగా రాలి, చేప పొలుసులు వరసగా పేర్చినట్టు వెల్డింగు గీత బయటపడింది. ఆయన చేసిన పనిలో అంత అందమైనదాన్ని అంతకుముందు నేను చూడలేదు. అన్నేళ్ళుగా ఆయన దాన్నే దాచిపెడుతూ వచ్చారు. నాకూ ఆ అలవాటుండేది. మీ వాళ్ళేం చదివారని కాలేజీలో ఎవరైనా అడిగితే మాట మార్చేదాన్ని. ఇప్పుడు మార్చను.

పన్నెండుకు పావుగంట ముందు మళ్ళీ లోపలికి వెళ్ళాం. అధికారి అతుకు పొడవునా బొటనవేలు నడిపించి, "కిస్‌నే కియా?" అన్నాడు. పెదనాయన చేతులు తుడుచుకుంటూ నా వెనక్కి జరిగారు. నేనే చెయ్యెత్తి ఆయన్ను చూపించాను.

"జైన్! జైన్!" అన్నాడు. బాగుంది, బాగుంది అని. సంతకం పెట్టాడు.

ఇస్తిమారా చేతికి రాగానే నేను అరిచిన అరుపుకు వరసలో ఉన్నవాళ్ళంతా తిరిగి చూశారు. బయట రికవరీ డ్రైవరు, "నా గిరాకి పాయె! పో చెల్లే, యల్లా!" అని హారను మోగించాడు.

పెదనాయన నా పక్క సీట్లో కూర్చుని బెల్టుతో కుస్తీ పట్టారు. ఎన్ని కార్లకు బెల్టులు బిగించారో లెక్కలేదు, తను మాత్రం ఏనాడూ పెట్టుకోలేదు. పనికి పోయినా వచ్చినా కంపెనీ బస్సే. నేనే పెట్టాను.

మొదటి రౌండబౌట్ వచ్చింది. "ఎటు పోదాం పెదనాయనా?"

"యాడికీ వద్దు. ఇట్లనే ఇంకో చుట్టు తిప్పు."

తిప్పాను. మళ్ళీ తిప్పాను. వెనక బండివాడు విసుక్కుని హారను కొడితే, ఆయన కిటికీలోంచి చెయ్యి బయటపెట్టి వాడికి సలాం కొట్టారు. కళ్ళ నిండా నీళ్ళు, నోటి నిండా నవ్వు.

"ఇంకొక్క చుట్టు పాపా."