పగవాడికిచ్చిన చేబదులు

2022వ సంవత్సరం. కరోనా భయం తగ్గి, గూడూరు కోర్టులో వాయిదాలు మళ్లీ మామూలుగా నడుస్తున్న రోజులు. నేను మనుబోలు నుంచి బస్సులో వచ్చి వెళ్తూ చిన్నాచితకా కేసులు చూసుకునే లాయరుని. నా క్లాస్‌మేటు సునందదీ అదే కోర్టు. ఇద్దరం ఒకే ఏడు నల్లకోటు వేసుకున్నాం. ఆమె చుట్టూ క్లయింట్లు బెల్లం చుట్టూ ఈగల్లా మూగేవారు. నా దగ్గరికేమో ఆమె ఎక్కడుందని అడగడానికి వచ్చేవారు. కడుపు మండేది. దాచుకోవడం ఎందుకు?

ఆ సునంద ఎదుటి పక్షాన ఉన్న చెక్ బౌన్స్ కేసు నాకు వచ్చింది. నా క్లయింటు మస్తాన్, జాకెట్లు కుట్టే టైలరు. ఒకప్పుడు ఖాదర్ బాషా అనే పెద్ద టైలరు దగ్గర పనిచేశాడు. మిషను కొనుక్కోవడానికి అప్పట్లో ఖాదర్ డబ్బు సర్దితే, హామీగా సంతకం పెట్టిన ఖాళీ చెక్కు ఇచ్చాడు. ఆ బాకీ తీరింది, చెక్కు మాత్రం తిరిగి రాలేదు. ఇప్పుడు దాని మీద ఆరు లక్షలు రాసుకుని, చేబదులిస్తే ఎగ్గొట్టాడని ఖాదర్ కేసు పెట్టాడు.

“జైలంటుండారు మేడం. అంగడి అమ్మినా ఆరు లక్షలు రావు,” అన్నాడు మస్తాన్.

ఈ కేసుల్లో చట్టం మొదట చెక్కు పట్టుకున్నవాడినే నమ్ముతుంది. సంతకం నాదేనని ఒప్పుకుంటే చాలు, అప్పు ఉందనే అనుకుంటుంది. దీన్ని ప్రిజంప్షన్ అంటాం. ఖాళీ చెక్కిచ్చానంటే సరిపోదు. అప్పు లేదని నిక్కచ్చిగా రుజువు చేయనక్కర్లేదు గానీ, అలాంటి అప్పు జరిగి ఉండదని జడ్జి గారికి అనిపించేలా చేయాలి.

అంత డబ్బు నీకెక్కడిదని అడగడం మేం మామూలుగా పట్టుకునే దారి. సునంద దాన్ని ముందే మూసేసింది. ఖాదర్ స్థలం అమ్మిన దస్తావేజు, బ్యాంకులో నగదు తీసిన వివరం దాఖలు చేసింది. క్రాస్, అంటే ఎదుటి సాక్షిని ప్రశ్నించడం, మొదలైన కాసేపటికే నా ప్రశ్నలు అయిపోయాయి. సునంద తాపీగా కూర్చుని ఉంది. ఆ తాపీ చూస్తే ఒళ్లు మండింది.

అప్పుడు బోనులోని ఖాదర్ చూపు గమనించాను. అతను నా వైపు కాదు, మస్తాన్ వేసుకున్న మంచి చొక్కా వైపు చూస్తున్నాడు. ఆ చూపు నాకు కొత్తది కాదు. రోజూ నేను సునందను చూసే చూపే అది. ఇలాంటి మనిషిని ఎక్కడ గిల్లాలో నాకంటే ఎవరికి బాగా తెలుస్తుంది?

“పెళ్లి జాకెట్లకు నెల్లూరు నుంచి కూడా మస్తాన్ దగ్గరికే వస్తున్నారంట కదా?” అన్నాను.

“వస్తే రానీండి.”

“మీ పాత గిరాకీ కూడా అటే పోయిందంట. పనితనం అట్టాంటిదేమో?”

సునంద లేచి, ఇది కేసుకు సంబంధం లేని విషయమంది. వీళ్లిద్దరి మధ్య ఎలా ఉండేదో తెలియాలన్నాను. జడ్జి గారు కానిమ్మన్నారు.

ఖాదర్ ముఖం జేవురించింది. “ఏం పనితనం మేడం? వాడికి కత్తెర పట్టడం నేర్పించిందే నేను! తిన్నింటి వాసాలు లెక్కపెట్టినాడు. నా అంగడికి ఎదురుగానే బోర్డు పెట్టినాడు. ఆ పొద్దు నుంచి వాడితో మాటల్లేవు. దాహమని వచ్చినా మంచినీళ్లు కూడా పొయ్యను!”

“బోర్డు పెట్టింది లాక్‌డౌన్‌కు ముందే కదా?”

“ముందే.”

“మరి చేబదులిచ్చింది లాక్‌డౌన్ ఎత్తేశాక అని ఫిర్యాదులో రాశారు. మంచినీళ్లు పొయ్యని మనిషికి, కాగితం ముక్కయినా రాయించుకోకుండా ఆరు లక్షలిచ్చారా?”

ఖాదర్ సునంద వైపు చూశాడు. జడ్జి గారు అతనన్న మాటలను పొల్లుపోకుండా టైపు చేయించారు. కోపంలో అన్నానని తర్వాత ఎంత చెప్పుకున్నా లాభం లేకపోయింది. ఆ అప్పు నమ్మదగ్గట్టు లేదని కేసు కొట్టేశారు. మస్తాన్ కళ్లు తుడుచుకుంటూ అంగడి తెరవడానికి పరుగెత్తాడు.

అప్పు నిజమా కాదా తేల్చాలంటే, ఇచ్చినవాడి దగ్గర డబ్బుందా అని చూస్తే చాలదు. ఆ మనిషికి ఇచ్చే మనసుందా అని కూడా చూడాలి. ఈ కేసు నాకు నేర్పింది అదే. ఇప్పటికీ ప్రతి చెక్కు కేసులో ముందు అదే ఆరా తీస్తాను.

తీర్పు వచ్చిన మధ్యాహ్నం బార్ రూములోకి వెళ్లేసరికి అందరూ లేచి చేతులు కలిపారు. వీళ్లకెవరు చెప్పారా అని చూస్తే, మధ్యలో సునంద. “నా కేసుని నాలుగు ప్రశ్నల్లో పడగొట్టేసింది! నాకైతే ఆ ఊహే వచ్చేది కాదు,” అని నవ్వుతూ, నా క్రాస్‌ను ప్రశ్న ప్రశ్నగా అందరికీ ఒప్పజెబుతోంది. ఇన్నేళ్లలో ఆమె గెలిచిన కేసు ఒక్కటైనా నేను ఎవరికైనా చెప్పానా? ఆ రోజు గెలిచింది నేనే. అయినా ఆమెను చూసి అంతగా ఎన్నడూ కుళ్లుకోలేదు.