నాలుగో ట్రాక్‌లో నవ్వు

2023. గల్ఫ్‌లో, షువైఖ్ గ్యారేజీల మధ్య, మేడమీద మా వీడియో స్టూడియో. నేను అసిస్టెంట్ ఎడిటర్ని. ఒక గోదాముల కంపెనీ తన గురించి గంట సినిమా తీయించుకుని, ఎడిటింగ్‌కు చైనా నుంచి షెన్ గారిని రప్పించింది. ఫిల్మును బ్లేడుతో కోసి టేపుతో అతికించిన రోజుల నుంచి ముప్పై ఐదేళ్ల సర్వీసు ఆయనది. సొంతూళ్లో ఇప్పుడు పిలిచేవాళ్లు లేరట. ఇది నచ్చితే రెండో సినిమా కూడా ఇస్తామని కంపెనీ అంది. పాపం, దానిమీదే ఆశ పెట్టుకున్నారు.

ఆయన మొదట కళ్లు మూసుకుని సౌండు వినేవారు. షాటు తెరమీదికి రాకముందే దాని శబ్దం మొదలయ్యేలా పేర్చేవారు. దీన్ని మేం జె-కట్ అంటాం.

కంటైనర్ల నీడలో మన కడప లోడర్లు అన్నం తింటూ విరగబడి నవ్వే షాటు ఒకటుంది. హెల్మెట్లు లేవు, తీసెయ్యమంది కంపెనీ.

"వాళ్లు లేకపోతే ఈ సినిమాలో మనుషులే లేరు" అన్నారు షెన్ గారు. కంపెనీవాళ్లు రెండో సినిమా మాటెత్తేసరికి మెత్తబడ్డారు. "నా చేత్తో తీయను. నువ్వు తియ్యి" అని లేచి వెళ్లిపోయారు.

తీశాను. బొమ్మ మాత్రమే తీశాను. తొందరలో మ్యూట్‌లో చూసుకుని ఫైలు పంపేశాను.

సాల్మియా హోటల్లో ప్రదర్శన. తెరమీద ఛైర్మన్ "ఇక్కడ పనిచేసేవాళ్లంతా నా కుటుంబం" అనగానే లోడర్ల నవ్వు గొల్లుమంది. హాలంతా బిగుసుకుపోయింది.

మర్నాడు కంపెనీ మనిషి స్టూడియోకి వచ్చాడు. మా మేనేజర్ మస్తాన్ భాయ్, రాయచోటివాడే, నన్ను పక్కకు లాగాడు.

"నువ్వు కెలికినావని తెలిసిందంటే నీ ఇఖామా ఖలాస్ అబ్బా, ఊరికి తోలేస్తారు. ముసలాయన ఎట్లాగూ వాళ్లూరికి పొయ్యేవాడే. ఆయన మింద తోసెయ్."

"ఎవరు చేశారిది?" అన్నాడు కంపెనీ మనిషి ఇంగ్లీషులో. షెన్ గారు పక్కనే ఉన్నారు.

"లాస్ట్ కట్ ఆయనదే సార్" అన్నాను. నా నోరు పడిపోయినా బాగుండేది.

ఆయన నావైపు చూశారు. కాదనలేదు. ఆ వారమే కంపెనీ ఆయనకు తిరుగు టికెట్ తీసిచ్చింది.

వెళ్లేరోజు తన హెడ్‌ఫోన్స్ నా చేతిలో పెట్టారు. "మ్యూట్‌లో చూశావు కదా? నవ్వు నాలుగో ట్రాక్‌లో ఉండిపోయింది. ఈసారి పంపేముందు విను" అన్నారు.

తిట్టి ఉంటే ఈపాటికి మర్చిపోయేవాణ్ణి. ఇప్పుడు ఏ ఫైలైనా కళ్లు మూసుకుని, ఆ హెడ్‌ఫోన్స్‌తో మొదటినుంచి చివరిదాకా విన్నాకే పంపుతాను. ఆయన నేర్పింది బాగానే అబ్బింది.

రెండో సినిమా కంపెనీ నాకే ఇచ్చింది.