పద్నాలుగేళ్ల అర్జీ

మా వీధి చివర బట్టలు కుట్టే అక్కకు తండ్రి రిజిస్టరు చేసిచ్చిన ఎకరం పొలం ఉంది. తండ్రి పోగానే తమ్ముడు దాన్ని దున్నుకుని, రెవెన్యూ రికార్డులో తన పేరు ఎక్కించుకున్నాడు. రికార్డు సరిచేయిస్తే పొలం తిరిగొస్తుందని నమ్మిన అక్క, పద్నాలుగేళ్లు రెవెన్యూ ఆఫీసు చుట్టూ చెప్పులరిగేలా తిరిగింది. కోర్టు గడప మాత్రం తొక్కలేదు.

కిందటి నెల ఆమె పేరు ఎక్కింది. ఆ కాగితం పట్టుకుని పొలానికి వెళితే తమ్ముడు ట్రాక్టరు కూడా దిగలేదు.

"కాగితం నీకు, పొలం నాకు. సరిపోయింది కదక్కా!" అన్నాడు.

అక్క తిన్నగా వకీలు దగ్గరికి వెళ్లింది.

"పొలం ఎవరిదో తేల్చేది సివిల్ కోర్టమ్మా. వాడు ఆక్రమించిన పన్నెండేళ్లలోపు దావా వెయ్యాల్సింది. గడువు దాటిపోయింది," అన్నాడాయన.

"నేనేమన్నా ఇంట్లో కూర్చున్నానా బాబూ? ఒక్క వాయిదా తప్పలేదే!"

"తిరిగావు తల్లీ. తిరగాల్సిన చోట తిరగలేదు."

అక్క కొత్త కాగితం మడతలు విప్పి బల్ల మీద పరిచింది. "మరి ఇది దేనికి పనికొస్తుంది?"

ఆయన కాగితం చదివి, మళ్లీ మడతపెట్టి ఆమె చేతికిచ్చాడు.

"శిస్తు కట్టడానికి," అన్నాడు. "ఇకనుంచి నోటీసు నీ పేరునే వస్తుంది."