రబ్బరుతో రాసే వేసా

సంగీతం కట్టేవాళ్లంతా పెన్సిలుతో రాస్తారు. మా వేసా సావిలాంపి మాత్రం రబ్బరుతో రాస్తాడు. ఇందులో అతిశయోక్తి ఏమీ లేదు. ఆయన చేతిలో పెన్సిలు చూసినవాళ్లు మా ఊళ్లో తక్కువ, రబ్బరు చూడనివాళ్లు అసలు లేరు.

మా సరస్సు ఊరి వాద్యబృందంలో నేను వెనక వరస మనిషిని. డోళ్లు, తాళాలు, ట్రయాంగిల్ అనే ముక్కోణపు ఇనుప కడ్డీ, ఇవన్నీ నావే. అందరూ వాయిస్తుంటే నేను లెక్కపెట్టుకుంటూ కూచుంటాను. కూచుని కూచుని నడుం పట్టేశాక లేచి ఒక్క దెబ్బ కొడతాను. ఆ ఒక్క దెబ్బనీ వేసా వచ్చి తుడిచేస్తాడు. ఇక ఆయనంటే నాకెంత ప్రేమ ఉంటుందో మీరే చెప్పండి.

రిహార్సల్ జరుగుతుంటే ఆయన ఖాళీ హాల్లో మోచేతులు చిరిగిన ఊలు కోటులో ఒదిగి కూచుంటాడు. ఉన్నాడో లేడో కూడా తెలియదు. ఉన్నట్టుండి "ఆగండాగండి! తప్పు నాది!" అని కేక. ఆ వెంటనే మెట్లెక్కి వచ్చి, ఒక్కొక్కరి స్వరాల కాగితం దగ్గరా ఆగి, రుద్ది, ఉఫ్ మని ఊది, పక్కవాడి దగ్గరికి పోతాడు. వాళ్లావిడ మార్కెట్టా ఒకసారి నాతో అంది: "మా ఇంట్లో చారులో కూడా రబ్బరు పొట్టేనయ్యా. పిల్లి సైతం ఒళ్లు దులుపుకుని గానీ మంచమెక్కదు."

కుర్రతనంలో ఇలా ఉండేవాడు కాదట. రాజధాని హెల్సింకీలో చదువుకునే రోజుల్లో ఆయన రాసిన మొదటి సింఫనీని ఇద్దరు పట్టుకుని మోసేవారట. కాగితం మీద స్వరాలు బెల్లం మీద ఈగల్లా ముసిరి ఉండేవట. దానికి పెద్ద బహుమతే వచ్చింది. ఆ తర్వాత మా ఊరొచ్చి మాకోసం రాయడం మొదలుపెట్టాక ఏం మాయరోగమో ఏమో, ఆయన సంగీతం ఏటికేడు చిక్కిపోయింది. మనిషి మాత్రం బాగానే లావెక్కాడు.

రాజధాని పత్రికలవాళ్లు దీనికి మురిసిపోయారు. "ఉత్తరాది మంచులోని నిరాడంబరత" అని రాశారు. మంచూ లేదు, మట్టిగడ్డా లేదు. రబ్బరు!

మా ఊరి గ్రంథాలయం తెరిచినప్పుడు పురపాలక సంఘం వాళ్లు అరగంట పాట రాయమన్నారు. సభ అయ్యాక సంఘం పెద్దావిడ ఆయన్ని పట్టుకుంది.

"వేసా గారూ, అరగంటన్నాం కదా! నా కాఫీ చల్లారకముందే అయిపోయింది. మిగతాదేదండీ?"

"తివాచీ మీద ఉందండీ," అన్నాడు వేసా వినయంగా.

ఆవిడ కిందికి చూసింది. నిజంగానే ఉంది.

ఇలా ఉండగా హిల్కక్క పదవీ విరమణ దగ్గరపడింది. హిల్కక్క మా బృందంలో మొదటి హార్న్. ఆ ఇత్తడి చుట్టని ఒళ్లో పెట్టుకుని ఊదిందంటే, సరస్సు అవతల కట్టెలు కొట్టేవాడు కూడా గొడ్డలి దించి వింటాడని మా ఊళ్లో చెప్పుకుంటారు. వసంతంలో ఆమె వీడ్కోలు కచేరీ. అందుకోసం వేసా కొత్త పాట రాశాడు. చివర్లో హార్న్ ఒక్కటే మెట్టు మెట్టుగా పైకెక్కి, కొమ్మ చివర నిలబడ్డట్టు ఒక స్వరం మీద నిలుస్తుంది. సరిగ్గా అక్కడ నా ట్రయాంగిల్, టింగ్! ఎన్నాళ్లకి నా ముఖాన ఒక మంచి దెబ్బ రాశాడురా అని పొంగిపోయాను.

అయితే ఆ చలికాలం హిల్కక్క ముందు పళ్లు పాడై కొత్తవి కట్టించుకుంది. హార్న్ ఊదేవాళ్లకి ముందు పళ్లే ఆస్తి. పెదవి మాట వినడం మానేసింది. ఆ పై స్వరం దగ్గరికి వచ్చేసరికి హార్న్ పగిలిన కుండలా మోగేది.

ముందు నిలబడి కర్ర ఊపుతూ మమ్మల్ని నడిపించే కండక్టర్ నిక్లాస్ కొత్తగా వచ్చాడు. చెడ్డవాడేం కాదు, కుర్రవాడు. కర్ర చేతికొచ్చిన కొత్తలో ఆ రెంటికీ పెద్ద తేడా కనిపించదు.

"హిల్కా గారూ, రేపు కూడా ఇలాగే అయితే హెల్సింకీ నుంచి ఇంకొకర్ని పిలిపించాల్సి వస్తుంది. ఏమనుకోకండి," అన్నాడు అందరి ముందూ.

అంటే హిల్కక్క వీడ్కోలు కచేరీలో హిల్కక్క వాయించదు. ముందు వరసలో కూచుని పూలగుత్తి పుచ్చుకుంటుంది. ఆమె మాత్రం "అలాగే బాబూ," అని హార్న్ తుడుచుకుంది. తుడిచిన చోటే మళ్లీ మళ్లీ తుడిచింది.

మర్నాడు మొదలుపెట్టాం. పాట చివరికొచ్చింది. హార్న్ ఎక్కింది, పగిలింది. ఇంకోసారి. మళ్లీ పగిలింది. నిక్లాస్ కర్ర దించి నోరు తెరిచాడు.

"ఆగండాగండి! తప్పు నాది!"

వేసా పరుగులాంటి నడకతో వచ్చేశాడు. "అక్కడ పాట ఊరికే ఎగిరెగిరి పడుతోంది. ఎక్కకూడదు, దిగాలి. నాకిప్పుడు తెలిసింది." వయొలిన్లవి తుడిచాడు, ట్రంపెట్లవి తుడిచాడు, హిల్కక్కది తుడిచి కింది స్వరమొకటి రాశాడు. ఆ తర్వాత నావైపు నడిచాడు.

"వేసా, వద్దు."

"కాస్త జరుగు, ఇల్మారి."

"పాట మొత్తానికి నాకున్నది ఒక్క దెబ్బ! ఒక్కటంటే ఒక్కటి! అదీ తీసేస్తే నేనెందుకు రావడం? నల్లకోటేసుకుని గోడకి చేరబడ్డానికా? నువ్వు మనిషివా, చెదపురుగువా?"

"మనిషినే," అని ఉఫ్ మని ఊదాడు. పొట్టంతా నా ఒళ్లో పడింది.

నాకు తిక్కరేగింది. లేచి నిలబడి ఆయన ఏడుతరాలనీ, ఆయన రబ్బరునీ, అది పుట్టిన చెట్టునీ కలిపి తిట్టాను. నిక్లాస్ హడలిపోయి నా దగ్గరికి పరిగెత్తుకొచ్చాడు. "ఇల్మారి గారూ, కూర్చోండి, మీకు దణ్ణం పెడతాను!" నేను చల్లారేసరికి కాఫీ వేళయింది. కాఫీ తాగి వచ్చి మళ్లీ వాయించాం. హిల్కక్క ఆ కింది స్వరం పట్టింది. ఎంత కోపంలో ఉన్నా చెప్పక తప్పదు, కడుపు నిండిపోయింది. హెల్సింకీ మాట నిక్లాస్ కూడా మళ్లీ ఎత్తలేదు.

మా ఊళ్లో ఒంటి మీద బట్టలున్నంతసేపు ఎవరూ నిజం చెప్పరు. నిజం కావాలంటే సౌనాకి పోయి ఆవిరిలో కూచోవాలి. ఆ సాయంత్రం వేసా అక్కడే దొరికాడు. రబ్బరు దాచుకోవడానికి జేబు కూడా లేదు.

"హిల్కక్క పళ్ల సంగతి నీకు తెలుసు కదూ?"

వేడి రాళ్ల మీద గరిటెడు నీళ్లు పోశాడు. "ఏ పళ్లు?"

"నాటకాలాడకు. ఆమెది తుడిచావు, బాగానే ఉంది. మిగతావాళ్లవెందుకు తుడిచావు?"

"ఒక్కరిదే తుడిస్తే అందరూ ఆ ఒక్కరినే చూస్తారు కదరా."

అప్పుడు ఒక్కొక్కటీ గుర్తొచ్చింది. సెల్లో అనే పెద్ద వయొలిన్ వాయించే ఆయనకి మణికట్టు పట్టేసిన ఏడాది సెల్లోవాళ్లందరి స్వరాలూ సగమయ్యాయి. ఫ్లూట్ అమ్మాయి నిండు కడుపుతో ఊపిరందక అవస్థపడిన ఏడాది గాలివాద్యాలవాళ్ల స్వరాలన్నీ పొట్టివైపోయాయి. పత్రికలవాళ్లు మంచు, నిరాడంబరత అన్నది దీన్నే!

"మరి నా ట్రయాంగిల్ మాటేమిటి? నాకేం రోగం? దాన్ని కొట్టలేనివాడు భూమ్మీద ఉన్నాడా?"

వేసా పగలబడి నవ్వాడు. "నీకే రోగమూ లేదురా. నీకు నోరుంది. మనవాళ్లంతా చచ్చినా పెదవి విప్పరు కదా. నువ్వు గోల మొదలెట్టావంటే ఇక ఎవరూ ఇంకెవరి వంకా చూడరు. నువ్వు లేకపోతే నా రబ్బరెందుకురా, గంగలో కలపనా?"

అంటే ఇన్నేళ్లూ ఆయన నాకోసం రాసింది ఆ తిట్లేనన్నమాట. మొక్కాలో మొట్టాలో తెలియక ఇంకో గరిటెడు నీళ్లు రాళ్ల మీద పోశాను.

కచేరీ రోజున హిల్కక్క ఆ కింది స్వరం మీద పాటని దించి కూచోబెడితే హాలంతా లేచి నిలబడింది. ఆమె పూలగుత్తి నా చేతికిచ్చి, వేసా కోటు మీది పొట్టు దులిపి, "నీ పిచ్చి ఎప్పటికి కుదురుతుందయ్యా!" అంది. కళ్లు మాత్రం ఆ మాట అనలేదు.

శరదృతువులో కొత్త పాట. ఇందులో నాకు నిజంగా బ్రహ్మాండమైన దెబ్బ ఉంది. రిహార్సల్లో ఒక చిక్కు దగ్గర నిక్లాసే తాళం తప్పాడు. బృందమంతా తలో దారీ పట్టి కుప్పకూలింది. కుర్రవాడి చెవులు ఎర్రబడ్డాయి. ముందు వరసలో ఎవరో కిసుక్కుమన్నారు.

"ఆగండాగండి! తప్పు నాది!"

వేసా కుర్చీలోంచి లేస్తూ కళ్లజోడు మీదుగా నావైపు చూశాడు. ఆయన ఇంకా మొదటి మెట్టు కూడా ఎక్కలేదు. నేను నా బంగారంలాంటి దెబ్బని ఒక్కసారి తనివితీరా చూసుకుని, లేచి నిలబడి, గొంతు సవరించుకున్నాను.

"ఏమయ్యా వేసా! మళ్లీ నా ట్రయాంగిలేనా!"