కొల్లేటి లంకలో మిస్ మోనికా

ఈ ప్రయాణం నేను ఇష్టపడి చేసింది కాదు. కొల్లేరు చూడబోయేవారు నా మాటల్లోని కుళ్ళు తీసేసి, దారి మాత్రం పుచ్చుకోండి.

మా తాడేపల్లిగూడెం నాటక సమాజంలో ఎనిమిదేళ్ళుగా నాయిక వేషం నాదే. మొన్న మేనేజరు గారు నా చేతికి ఒక కవరిచ్చారు. "మాణిక్యం రంగూన్ నుంచి వచ్చి కొల్లేట్లో వాళ్ళమ్మ దగ్గరుందటండీ. ఏలూరు ఆటకి నాయికగా పిలుద్దాం. మీరిద్దరూ ఒక్కచోట పాట నేర్చుకున్నవాళ్ళు. మీ చేత్తో ఇస్తే కాదనదు" అన్నారు.

"మరి నేనో?"

"చెలికత్తె వేషం ఉంది కదండీ" అన్నారు మెత్తగా. మావైపు గొంతు కోసినా అండీ అనే కోస్తారు.

ఉదయం ఆరున్నరకి గూడెంలో పాసెంజరెక్కాను. ఆడవాళ్ళ పెట్టెలో కిటికీ పక్కన చోటు దొరికింది. భీమడోలు దాటేవరకూ మాణిక్యాన్ని మనసులో తిట్టుకుంటూనే ఉన్నాను. పద్దెనిమిదేళ్ళప్పుడు ఒక నాటక కంపెనీతో కాకినాడలో ఓడెక్కింది. రంగూన్‌లో ఆ కంపెనీ మూతపడింది. అందరూ తిరిగొచ్చారు, ఇది రాలేదు. ఒక పెద్ద హోటల్లో ఇంగ్లీషు బ్యాండుతో పాడుతోందనీ, మిస్ మోనికా అని పేరు మార్చుకుందనీ, సింగపూర్ వెళ్ళిందనీ, రెండు టాకీల్లో వేసిందనీ వింటూనే ఉన్నాను. విన్నప్పుడల్లా నాకు అన్నం సయించేది కాదు.

దెందులూరు దాటి ఎనిమిదింటికి ఏలూరు చేరాం. స్టేషను బయట హోటల్లో ఇడ్లీ బాగుంది, కాఫీ తాగకండి. అక్కణ్ణుంచి జట్కాలో కొల్లేటి గట్టుకి రెండు గంటలు. గట్టు దగ్గర తాటిదోనెలుంటాయి. దోనె నడిపే ముసలాయన నన్ను ఎగాదిగా చూశాడు.

"జాజి పాటలావిడింటికాండీ?"

"జాజి కాదయ్యా, జాజ్."

"అదేనండి, జాజి. మా లంకలో ఆ పువ్వు పూయదు గానండీ, పాట మాత్రం వచ్చేసింది."

కిక్కిస గడ్డి దుబ్బుల మధ్య గెడ వేసుకుంటూ గంటలో దింపాడు. ఎండ మీదపడుతుంది, గొడుగు తెచ్చుకోండి.

మాణిక్యం లావైపోయి ఉంటే బాగుండునని దారంతా కోరుకున్నాను. అవలేదు. జుట్టు మెడదాకా కత్తిరించుకుని, వాళ్ళమ్మ కోక కట్టుకుని, వాకిట్లో కొర్రమేను తోముతోంది. "అక్కా!" అంటూ తడిచేతులతోనే వాటేసుకుంది. చేపల నీచు మీద కూడా ఏదో సీమ అత్తరు వాసన. నాకంటే ఒక్క ఏడాదే చిన్నది, చూస్తే పదేళ్ళ తేడా. ఒళ్ళు మండిపోయింది.

పులుసన్నం పెట్టి తన సంగతులన్నీ చెప్పింది. హోటల్లో తుడిచే పనికి కుదిరితే, కూనిరాగం విని గోవా బ్యాండు మాస్టరు పిలిచాడట. ఇంగ్లీషు పాటలు తెలుగు అక్షరాల్లో రాసుకుని బట్టీ పట్టిందట. ఆ నోటుబుక్కు చూపించింది. నేను కవరు చూపించలేదు. మాణిక్యం ఇంట్లో లేదని మేనేజరుకి చెప్పేద్దామని అప్పటికే నిశ్చయించుకున్నాను.

నాలుగింటికి బయల్దేరితే, గట్టుదాకా దింపుతానని తనూ దోనె ఎక్కింది. ముసలాయన "అమ్మా, ఆ జాజి పాట" అన్నాడు. మొదలెట్టింది.

రెండో చరణంలోనే తాళం తప్పింది. హమ్మయ్య అనుకున్నాను! మాట పడవలసిన చోట పడకుండా వెనకబడింది. మళ్ళీ వెనకబడింది. ఇదా సింగపూర్ పాట అని లోలోపల నవ్వుకుంటూ చూస్తే, దోనె అంచు మీద దాని వేలు తాళం వేస్తోంది. ఒక్క దెబ్బ తప్పడం లేదు. గొంతు కావాలనే ఆలస్యంగా వస్తోంది, సరిగ్గా చివరికి వచ్చి తాళాన్ని అందుకుంటోంది. నాకు ఈ జన్మలో రాదు అది. ముసలాయన గెడ వెయ్యడం మానేశాడు.

"వన్స్ మోర్!"

అరిచింది నేనే. నాటకంలో పద్యం నచ్చితే జనం అలా అరుస్తారు, మళ్ళీ పాడి తీరాలి. ఎనిమిదేళ్ళు ఆ కేక అందుకున్నదాన్నే గాని, ఒకరికి వేసి ఎరగను.

మాణిక్యం కళ్ళు తుడుచుకుంది. "అక్కడ డ్యాన్సు చేస్తారు, భోంచేస్తారు. ఈ మాట ఎవరూ అనరక్కా" అని మళ్ళీ పాడింది. ఇంకా బాగా పాడింది, దుంపతెగ.

గట్టు దగ్గర కవరిచ్చాను. చదివి, "నాయిక నేనా? మరి నువ్వు?" అంది.

"నేనూ ఉంటానులే."

"అయితే వస్తానక్కా" అంది. మాటవరసకైనా వద్దనలేదు.

ఏడున్నరకి ఏలూరులో తిరుగు బండి. మొత్తం మీద కొల్లేరు చూడదగ్గ చోటు. ఒక్క రోజులో వెళ్ళి రావచ్చు. ఎదుటి సీటులో ఒకావిడ నన్ను గుర్తుపట్టింది.

"ఏవండీ, నాయిక వేసేది మీరే కదూ? ఏలూరు ఆటకి మీ కోసమే వస్తున్నామండీ."

అవునని ఊరుకోవచ్చు. "ఈసారి మాణిక్యం అని కొల్లేటి పిల్లండీ. తాళం తప్పిందనిపిస్తుంది, తప్పదు. జాగ్రత్తగా వినండి" అన్నాను.

"మరి మీరో?"

"చెలికత్తెనండి" అన్నాను. ఆ మాట నా నోట రావడం అదే మొదటిసారి.