కాయ కాసిన నోరు

గంగుబాయి నాకు ఏరాలు, అంటే తోటికోడలు. ఆమె పెద్దకోడలు, నేను చిన్నకోడలిని. ఏరాళ్లిద్దరు ఒక్క పొయ్యి దగ్గర కూర్చుంటే నెల తిరగకుండా పొయ్యిలు రెండవుతాయని లోకం అంటుంది. మాకు ఇరవై ఏళ్లు దాటినా ఒక్కటే పొయ్యి. అది నా మంచితనం మాత్రం కాదు. నా నోరు ఎలాంటిదో హుజూరాబాద్‌లో మా పుట్టింటి వాడకట్టులో ఎవరినడిగినా చెబుతారు. ఆమెతో కొట్లాడటానికి వీలుండేది కాదు, అంతే. నేనొక మాట అనగానే నవ్వి, బొడ్లోంచి డబ్బీ తీసి, చిటికెడు మిస్రీ చిగుళ్లకు రాసుకునేది. మిస్రీ నోట్లో ఉన్నంతసేపు మాట్లాడకూడదు. అది ఉమ్మేసి వచ్చేసరికి నా కోపం చల్లారిపోయేది.

మిస్రీ ఏమిటో పెళ్లయ్యేదాకా నాకూ తెలియదు. తంబాకును, అంటే పొగాకును, రొట్టెల పెంక మీద నల్లగా మాడ్చి, నూరి, పలుచని గుడ్డలో జల్లిస్తే వచ్చే పొడి అది. మా అత్తగారి ఊరు ఇచ్చోడ. ఆ వైపు ఆడవాళ్లు దానితోనే పళ్లు తోముకుంటారు. మహారాష్ట్ర పక్కనే కదా, అక్కడి నుంచి వచ్చిన అలవాటని మా మామ అనేవాడు. నేను 1971లో కాపురానికి వచ్చిన మర్నాడు పొద్దున్నే గంగుబాయి నా అరచేతిలో చిటికెడు పోసింది. బొగ్గుపొడి అనుకుని బాగా రుద్దాను. లోకమంతా గిర్రున తిరిగి కుడితి గోలెం పక్కన పడి కక్కుకున్నాను. పెరట్లో ఆడవాళ్లంతా నల్లటి పెదవులతో నవ్వారు. ఆమె ఒక్కతే నవ్వలేదు, నా నోట్లో బెల్లంముక్క పెట్టింది. అలవాటైపోతుందిలే అంది. నాకు కాలేదు. ఆనాడు కక్కుకున్నందుకు ఇవాళ దేవుడికి దండం పెట్టుకోవాలా, ఏమో.

అత్తగారి వాడకట్టులో మిస్రీ కాల్చడమంటే గంగుబాయే. మిగతావాళ్లు కాలిస్తే బూడిదైనా అయ్యేది, పచ్చిగా ఉండి చిగుళ్లైనా కొరికేది. ఆమె పత్తికట్టెల సన్నమంట మీద, కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుని, ఓపికగా తిప్పుతూ కూర్చునేది. చివరికి చిటికెడు తీసి కింది పెదవికీ చిగురుకూ మధ్య, ఎప్పుడూ ఎడమ వైపే పెట్టుకుని కళ్లు మూసుకునేది. కళ్లలో నీళ్లొస్తే ఇంకా పచ్చిగా ఉన్నట్టు. చురుక్కుమని ఊరుకుంటే అయినట్టు. తనకు సరిపడా అయితే వారానికోసారి చాలు. కానీ వాడకట్టంతా గిన్నెలు పట్టుకుని వచ్చేవాళ్లు, ఎవరినీ కాదనేది కాదు. అందరి పాళ్లూ ఆమె తన చిగురు మీదే రుచి చూసింది.

చిన్నప్పుడు పన్ను నొప్పి లేస్తే వాళ్లమ్మే మొదటిసారి రాసిందట. నొప్పి పోయింది, అలవాటు మిగిలింది. నేను వచ్చిన మరుసటేడు కరువు. ఇంట్లో జొన్నలు అడుగంటాయి. మాకందరికీ రొట్టెలు వేసి, తను ముందే తిన్నానని చెప్పి, గోడవైపు తిరిగి మిస్రీ రాసుకునేది. ఆకలికి ఇంతకు మించిన కూర లేదని హాస్యాలాడేది. నేనూ నవ్వేదాన్ని. అప్పటికి కొత్తకోడలిని, పెద్దవాళ్లు తిన్నామంటే తిన్నారనే అనుకున్నాను.

గంగుబాయికి, మా బావ నాగయ్యకు సక్కుబాయి ఒక్కతే బిడ్డ. తల్లిని అవ్వ అని, నన్ను చిన్నవ్వ అని పిలిచేది. అది ఓణీలు వేసుకునే వయసుకు వచ్చినప్పుడు ఒకరోజు తొక్కు నూరుతూ, గంగుబాయి పచ్చిమిరపకాయ కరకర నమిలింది. కన్ను చెమర్చలేదు. నేను నోరు తెరిచి చూస్తుంటే, తన కింది పెదవి కిందికి లాగి చూపించింది. ఎడమ వైపు, మిస్రీ పెట్టే చోట, తెల్లగా మందంగా పాలమీద మీగడలా కట్టి ఉంది. వేలితో రుద్దితే పోలేదు.

"నోరు కాయ కాసింది చెల్లే. నాగలి పట్టి మీ బావ చేతులు కాయలేదా, గట్లనే. ఇగ దీనికి కారం తాకది, చేదు తాకది."

గర్వంగా చెప్పింది. నేనూ నమ్మాను. వ్యవసాయం ఇంట్లో కాయ కాయడమంటే ఏమిటో తెలిసినవాళ్లెవరైనా నమ్ముతారు. పిల్లనిచ్చేముందు పిల్లవాడి అరచేయి తిరగేసి చూసే మనుషులం మేము. మెత్తగా ఉంటే సోమరిపోతు అంటాం, కాయలుంటే సంబంధం ఖాయం చేస్తాం. గట్టిపడిన తోలు రోగమని మాకెవరు చెప్పారు?

చెప్పింది ఒకామె. కొన్నేళ్ల తర్వాత బడిలో పళ్ల డాక్టర్లు క్యాంపు పెట్టారు. చిన్నవయసు డాక్టరమ్మ గంగుబాయి పెదవి లాగి చూసి, టార్చిలైటు వేసి మళ్లీ చూసింది. ఇది ఇప్పటికి ఏమీ కాకపోవచ్చు, రేపు ఏమైనా కావచ్చు అంది. ఈ పూట నుంచే మిస్రీ మానాలి, ఆదిలాబాద్ వస్తే ఒక ముక్క తీసి పరీక్షకు పంపుతాం అంది. మా బావ నాగయ్య భయస్థుడు. ఇంటికి రాగానే డబ్బీని బావిలో విసిరేశాడు.

గంగుబాయి మానింది. అబద్ధమెందుకు, నిజంగానే మానింది. తలనొప్పి, మలబద్ధకం, చిరాకు. ఉప్పెక్కువైందని జీవితంలో మొదటిసారి నాతో తగువు పడింది. నాకైతే సంబరమే అయింది, ఇన్నాళ్లకు సరైన ఏరాలు దొరికిందని. నెల గడిచేసరికి నోటికి స్పర్శ తిరిగొచ్చింది. తొక్కు తాకితే మంట. చారు తాకితే మంట. రొట్టెముక్క నోట్లో పెట్టుకుని కళ్లనీళ్లు కారుస్తూ కూర్చునేది.

"పెట్టినన్ని దినాలు మండలే. మానినంక మండుతుంది. మరి రోగం దేనితోని వచ్చినట్టు?" అని అడిగింది.

అడుగుదామంటే డాక్టరమ్మ ఎప్పుడో వెళ్లిపోయింది. ప్రాణం తిరిగొచ్చిన కండ మండుతోందని మాకు తెలియలేదు. మానడం పడలేదని తేల్చుకున్నాం. డబ్బీ బావిలో వేసిన నాగయ్య బావే అంగడికి పోయి తంబాకు తెచ్చి ఆమె ఒళ్లో పెట్టాడు. రాసుకుంది. మంట పోయింది. ఇల్లంతా హాయిగా ఊపిరి పీల్చుకున్నాం. ఆదిలాబాద్ ప్రయాణానికి పత్తి ఏరడం అడ్డమొచ్చింది, తర్వాత సక్కుబాయి పెళ్లి, ఆ తర్వాత దాని కాన్పు. అడ్డం రావాలే గాని పల్లెటూళ్లో పనులకు కరువా?

1991లో ఆ చోట పన్ను కదిలింది. అంగట్లో పళ్లు పీకేవాడు పీకేశాడు. ఆ గుంత మానలేదు. లోపల ఎర్రగా ఏదో పెరగడం మొదలైంది. నొప్పి లేచినప్పుడల్లా ఆమె అందులో మిస్రీ కూరుకునేది, కాసేపు మొద్దుబారేది. దవడ వాచి, మెడలో గడ్డ తేలి, దగ్గర కూర్చుంటే వాసన వస్తుండగా హైదరాబాద్ పెద్ద దవాఖానాకు తీసుకెళ్లాం. అక్కడి ముసలి డాక్టరు ఫిల్ములు వెలుతురుకు పెట్టి చూసి, ఎముకలోకి పోయింది, కోసి లాభం లేదు అన్నాడు.

నేనే అడిగాను, ఇది ఎక్కడి నుంచి వచ్చింది అని. పురుగనో, చేతబడి అనో చెబుతాడని కాదు. తిట్టడానికి నాకెవరో ఒకరు కావాలి.

ఎక్కడి నుంచీ రాలేదమ్మా, ఇది ఆమె కండే అన్నాడు. విసుక్కోకుండా చెప్పాడు. ఒళ్లంతా కంటికి కనపడని కణాలతో కట్టి ఉంటుందట. నోటి లోపలి తోలు రోజూ అరుగుతుంది, రోజూ కొత్తది పుడుతుంది. ఒక కణం రెండయ్యేటప్పుడు ఎంత పెరగాలి, ఎక్కడ ఆగాలి, ఎప్పుడు చావాలి అనే రాతను కొత్తదానికి అచ్చంగా అప్పజెబుతుంది. తంబాకు విషం ఆ రాతను చెరుపుతుంది. చాలాసార్లు ఒళ్లే దిద్దుకుంటుంది, లేదంటే చెడిన కణం తనంతట తనే చచ్చిపోతుంది. ఏళ్ల తరబడి అదే చోట కాలుస్తూ ఉంటే, ఎప్పుడో ఒకటి చావకుండా మిగులుతుంది. దాని పిల్లలన్నీ ఆ తప్పుతోనే పుడతాయి. వాటిలో ఒకదానికి ఇంకో తప్పు తోడవుతుంది, దాని పిల్లల్లో ఒకదానికి మరొకటి. ఆగాలన్న మాట పోతుంది, చావాలన్న మాట పోతుంది. అప్పుడిక పక్కవాటి తిండి తిని, పక్కవాటి చోటు ఆక్రమించి, నెత్తుటిలో పడి ఊరేగుతుంది.

మేము నోరు కాయ కాసిందనుకున్నాం సారూ అన్నాను.

ఆయన నా చేతులకేసి చూశాడు. "నాగలి వదిలేస్తే చేతి కాయ కొన్నాళ్లకు కరిగిపోతుంది కదమ్మా. దానికి ఆగడం తెలుసు. ఇది ఆగడం మరిచిపోయింది."

గంగుబాయి దవడకు గుడ్డ కట్టుకుని పక్కనే ఉంది, మగతలో ఉందనుకున్నాం. ఇచ్చోడ బస్సులో కూర్చున్నాక నా చెయ్యి పట్టుకుంది. నాలుక తిరగడం లేదు, చెవి నోటికి ఆనించి విన్నాను.

"ఏ పొద్దుకు మర్లిందట చెల్లే? గా ఒక్క పొద్దు ఎర్కైతే, గా పొద్దు పెట్టకపోదును."

ఆ మాటకు నేను బస్సులో అందరి ముందూ ఏడ్చాను. కండ దారి మళ్లింది ఏ పొద్దో ఎవరికి తెలుసు? కరువు కాలంలో గోడవైపు తిరిగిన పొద్దో, పొరుగింటి గిన్నె కోసం రుచి చూసిన పొద్దో, మేమందరం హాయిగా ఊపిరి పీల్చుకున్న ఆ పొద్దో.

తర్వాతి నెలల గురించి ఎక్కువ చెప్పను. జావ కూడా దిగేది కాదు. చెంపకు చిల్లు పడింది. ఆదిలాబాద్ నుంచి తెచ్చిన గోలీలు నొప్పికి ఏ మూలకూ చాలలేదు. సక్కుబాయి అత్తగారింటి నుంచి వచ్చి తల్లి మంచం దగ్గరే ఉండిపోయింది. గంగుబాయి మాట పడిపోయాక వేళ్లు రెండూ రుద్ది చూపించేది, మిస్రీ కావాలని. బావ తల అడ్డంగా ఊపి బయటికి పోయేవాడు. ఒకనాడు పొద్దున సక్కుబాయి ఇక తట్టుకోలేక పెంక పొయ్యి మీద పెట్టింది.

పత్తికట్టెల సన్నమంట, ముక్కుకు అడ్డంగా కొంగు, అన్నీ తల్లి పోలికే. చివరికి చిటికెడు తీసి తన కింది పెదవిలో, ఎడమ వైపు పెట్టుకుంది. వద్దే అని చెయ్యి పట్టుకున్నాను.

"పచ్చిదైతే అవ్వ పుండు ఓరుస్తదా చిన్నవ్వా?" అంది.

మంచం మీంచి గంగుబాయి అదంతా చూస్తోంది. సక్కుబాయి గిన్నె దగ్గరికి తీసుకుపోగానే, ఎక్కడి సత్తువో, చేత్తో కొట్టింది. గిన్నె ఎగిరి నేల మీద పడింది. కూతురి నోటివైపు వేలు చూపిస్తూ గొంతులోంచి ఏదో అరుపు. నాకు అర్థమైంది. సక్కుబాయికి కాలేదు. పొడి సరిగా కాలలేదని తల్లి కోపమనుకుంది. మళ్లీ పెంక పెట్టి, మళ్లీ కాల్చి, మళ్లీ తన చిగురు మీదే రుచి చూసింది. నేను చెప్పాను, అరిచాను కూడా. నొప్పితో తల్లి కొట్టుకుంటుంటే నా మాట ఎవరికి కావాలి? రెండోసారి గంగుబాయి చెయ్యి లేవలేదు.

దసరాకు ముందు పోయింది. పదో దినం నాడు వాడకట్టు ఆడవాళ్లంతా వచ్చి ఏడ్చారు. పోయేటప్పుడు ఒకరిద్దరు గిన్నెలు చాపారు. సక్కుబాయి కాల్చి ఇచ్చింది. తల్లి చెయ్యే వచ్చిందని అందరూ మెచ్చుకున్నారు. మెచ్చుకున్న నోళ్లను ఆ రోజు నేను తిట్టిన తిట్లు ఇచ్చోడలో ఇప్పటికీ చెప్పుకుంటారు. దాంతో గిన్నెలు మా గడప దాటి లోపలికి రావడం మానేశాయి. ఇప్పుడవి సక్కుబాయి అత్తగారి ఊరికి పోతున్నాయట.

ఏడాది మాసికానికి వచ్చినప్పుడు దాని బొడ్లో డబ్బీ కనిపించింది. వాకిట్లోకి లాక్కొచ్చి, గడ్డం పట్టుకుని, ఎండకు తిప్పి పెదవి కిందికి లాగాను. డాక్టరు చెప్పినవన్నీ మళ్లీ మొదటినుంచీ చెప్పాను. ఓపికగా విని, నా చెయ్యి మెల్లగా తీసేసి నవ్వింది, అచ్చం గంగుబాయి నవ్వే.

"ఫికర్ జెయ్యకు చిన్నవ్వా. నాకింకా కాయ కాయలే. ఇంకా కండ్లల్ల నీళ్లొస్తయి."