వదులైన పావుగంట

చక్రాలమ్మ అసలు పేరు సంఘం రికార్డుల్లో ఉంది గానీ, ఆ పేరుతో పిలిస్తే ఆవిడ కూడా వెనక్కి తిరగదు. కాళ్ళకు చక్రాలు కట్టుకున్నట్టు తిరుగుతుందని చెల్లెలు చిన్నప్పుడు పెట్టిన పేరే ఖాయమైపోయింది. భోజనం నిలబడే చేస్తుంది. కుర్చీలో కూర్చున్నా సగం కుర్చీ ఖాళీగానే ఉంటుంది.

ఆవిడది కాలపు తీగల సంఘంలో ఉద్యోగం. మేఘాలకు చాలా పైన, గాలి పల్చబడి ఆకాశం నల్లబారే చోట, బెలూన్ల మధ్య సన్నటి తీగలు లాగి కట్టి ఉంటాయి. కాలాన్ని సమంగా పట్టి ఉంచేవి అవే. తీగ వదులైతే దాని కింది వీధిలో రోజులో ఏదో ఒక వేళ నిమిషాలు సాగుతాయి. మరీ బిగిస్తే కుంచించుకుపోతాయి. పొద్దున్నే బుట్టలో పైకి వెళ్ళడం, ముఖానికి ఆక్సిజన్ తొడుగు, నడుముకు తాడు, చేతిలో పానా. ఒక్కో తీగనూ మీటి, మోత విని, మర తిప్పాలి; ఒక తీగ వంతు మళ్ళీ రావడానికి రెండు నెలలు పడుతుంది. ఇరవై రెండేళ్ళుగా ఆవిడ చేసింది ఇదే.

ఆ ఎత్తులో పనిచేసేవాళ్ళకు ఒక నష్టం ఉంది. పైన రెండు గంటలు గడిపితే కింద ఎనిమిది గంటలు అయిపోతాయి. చక్రాలమ్మ చెల్లెలి కంటే రెండేళ్ళు పెద్దగా పుట్టింది. ఇప్పుడు చెల్లెలే ఆమెకంటే మూడేళ్ళు పెద్దది.

"ఇక నువ్వే నన్ను అక్కా అని పిలవాలి," అని నవ్వేది చెల్లెలు. నవ్వుతూనే అనేది గానీ, ఆ మాట చక్రాలమ్మకు ముల్లులా గుచ్చుకునేది.

చెల్లెలు దర్జీ. ఒకరోజు చక్రాలమ్మ చిరిగిన కోటు చేతిని కుట్టించుకుందామని ఆ దుకాణానికి వెళ్ళింది. గోడ గడియారంలో మూడయింది. చెల్లెలు కోటు చేయి కుట్టింది, రెండు లంగాల అంచులు మడిచింది, టీ పెట్టింది, కాళ్ళు చాపుకుని కాసేపు కునుకు కూడా తీసింది. గడియారం చూస్తే మూడూ పది.

చక్రాలమ్మ కళ్ళు పెద్దవయ్యాయి. "ఎన్నాళ్ళనుంచే ఇలా?"

"నెలరోజులైంది. మూడింటినుంచి పావుగంట గంటసేపు సాగుతుంది. వీధంతా హాయిగా ఉంది. నీకు దణ్ణం పెడతా, సంఘంలో చెప్పకక్కా."

"తప్పే అది."

"ఏది తప్పు? నువ్వు పైన ఉన్న పూటలన్నీ జబ్బుపడిన అమ్మ మంచం దగ్గర ఎవరు కూర్చున్నారు? ఒక్కదాన్నే కదా! నా నడుం ఇప్పుడు కాస్త ఆనుతోంది. నాకోసం ఒక్క పావుగంట వదిలెయ్యలేవా?"

చక్రాలమ్మ కోటు తీసుకుని వచ్చేసింది. మర్నాడు పైకి వెళ్ళి ఆ వీధి మీది తీగను మీటింది. తడిసిన తాడులా బొయ్యిమంది. నోటుబుక్కులో 'బాగుంది' అని రాసింది. ఇరవై రెండేళ్ళలో అది మొదటి అబద్ధం.

ఆ రాతతో ఆవిడకు మనసు కుదురు తప్పింది. మెట్లు దిగి మళ్ళీ ఎక్కేది. తాళం వేసి, వేశానో లేదోనని సగం దారినుంచి వెనక్కి వచ్చేది. నడిచే దారిలో ప్రతి గడియారం ముందూ ఆగేది.

మూడు వారాలకు తీగ ముక్క గుచ్చుకుని వేలు తెగింది. కట్టు కట్టించుకుందామని, దగ్గరలో ఉన్నది అదే కాబట్టి, రైలు పట్టాల అవతలి ప్రసూతి ఆసుపత్రికి వెళ్ళింది. నర్సు దూది అద్దుతూ గోడవైపే చూస్తోంది.

"ఏంటమ్మా, అంత తొందర?"

"మూడు కాబోతోంది కదండీ! ఈమధ్య మూడు కొట్టగానే ముల్లు పరుగులు పెడుతోంది. నిన్న పుట్టిన పాప ఏడవలేదు. ఊపిరి అందిస్తున్నాం, ఒక్క నిమిషం అయిందనుకున్నాను. చూస్తే నాలుగు నిమిషాలు! ఎలాగో బతికింది. రేపు ఇంకో బిడ్డకు ఏమవుతుందో చెప్పలేం."

చక్రాలమ్మ కట్టు పూర్తవకుండానే లేచింది. ఒక తీగ వదులైతే దాని బరువు పక్క తీగ మీద పడి అది బిగుసుకుంటుందని పనిలో చేరిన మొదటి రోజే నేర్పారు. ఆ పక్క తీగ కింద ఉన్నది ఈ ఆసుపత్రే.

మర్నాడు పొద్దున ఆవిడ మర మీద పానా పెట్టింది. చేయి కదలలేదు. కింద చెల్లెలు కాళ్ళు చాపుకుని కునుకు తీసిన ముఖం కళ్ళముందు నిలిచింది. తెగిన వేలు సలుపుతుండగా మూడు చుట్లు తిప్పింది. తీగ గట్టిగా, తేటగా మోగింది.

దిగగానే సంఘం పెద్ద దగ్గరికి వెళ్ళి అంతా చెప్పేసింది. ఆయన అద్దాలు తీసి బల్లమీద పెట్టాడు. "చెప్పకపోతే నాకు తెలిసేదే కాదు."

"నాకు తెలుసు కదండీ."

ఆరునెలలు పైకి వెళ్ళకుండా, యార్డులో బెలూన్ గుడ్డలు మడతపెట్టే పని వేశారు.

సాయంత్రం దుకాణానికి వెళ్తే చెల్లెలు మిషన్ ఆపలేదు.

"బిగించేశావు."

"బిగించాను."

"ముందు ఒక్క మాట చెప్పకూడదా?"

"చెబితే నా చేతులు ఆడేవి కావే."

ఆసుపత్రి సంగతి విన్నాక చెల్లెలి కోపం తగ్గింది గానీ బాధ తగ్గలేదు. నలభై రోజులు మాటల్లేవు. యార్డులో మధ్యాహ్నానికే పని అయిపోయేది. చక్రాలమ్మ నేరుగా దుకాణానికి వచ్చి, ఎవరూ పిలవకపోయినా గుండీలు కుట్టేది. అవన్నీ వంకరే. చెల్లెలు మాట్లాడకుండా విప్పి మళ్ళీ కుట్టేది. నలభై ఒకటో రోజున మాత్రం ఉండబట్టలేకపోయింది.

"పుణ్యముంటుంది, అక్కా, గుండీలు ముట్టుకోకు! ఇస్త్రీ చెయ్యి. నిలబడి చేసే పని, నీకు సరిపోతుంది."

ఆరునెలలు గడిచాక సంఘం నుంచి కబురొచ్చింది. రోజు విడిచి రోజు అయితేనే వస్తానంది చక్రాలమ్మ. పెద్దాయన గొణిగి ఒప్పుకున్నాడు. పైకి వెళ్ళే రోజుల్లో కింద ఏమవుతోందోనని ఆరాటం, దుకాణంలో ఉండే రోజుల్లో తీగలు ఎలా ఉన్నాయోనని ఆరాటం. ఇస్త్రీపెట్టె చేతిలో పట్టుకుని గుమ్మంలోంచి ఆకాశంలోకి చూస్తూ ఉండిపోతుంది.

"చొక్కా మాడుతోంది," అంటుంది చెల్లెలు, తల ఎత్తకుండానే.